‘మన్నన్’లో శాంతిదేవి పగ ప్రేమగా మారింది ఎక్కడ?

శారద_నెల్లూరు
మా అక్క కూతురు సెలవులకు వచ్చినప్పుడు ఇద్దరం కూర్చుని 1992 నాటి తమిళ చిత్రం ‘మన్నన్’ చూశాము. పి. వాసు దర్శకత్వంలో రజనీకాంత్, విజయశాంతి, ఖుష్బూ నటించిన చిత్రమది. కర్మాగారం యజమానురాలైన శాంతిదేవి, తనకు ఎదురు తిరిగిన కార్మికుడు కృష్ణను లొంగదీసుకోవడానికి అతనినే పెళ్లాడుతుంది. మెడలో తాళి కట్టినవాడు గేటు దగ్గర జెండా పట్టుకుని నిలబడలేడన్నది ఆమె లెక్క. ఆ లెక్క తప్పుతుంది, చివరికి ఆమె మారి భర్తను మనసారా స్వీకరిస్తుంది. సినిమా అయిపోగానే మా పిల్ల, “పిన్నీ, ఆవిడకు అతని మీద ప్రేమ ఎప్పుడు పుట్టింది? నేను ఫోను చూసుకుంటున్నప్పుడు ఆ సీను దాటిపోయిందా?” అని అడిగింది. వెనక్కి తిప్పి చూసినా నాకు ఆ సీను కనిపించలేదు. కక్షతో చేసుకున్న పెళ్లి అనురాగంగా మారిందని నమ్మించే ఘట్టం ఈ చిత్రంలో ఎక్కడుందో చూపించగలవారు ఉన్నారా?

నిద్రపట్టనివాడు
ప్రేమతో మొదలై కక్షగా మారిన పెళ్లిళ్లు మా అపార్ట్‌మెంటులో అంతస్తుకు ఒకటి చొప్పున ఉన్నాయి. వాటిలో కూడా ఆ మారిన ఘట్టం ఎక్కడుందో ఇప్పటివరకు ఎవరూ చూపించలేకపోయారు.

పాతరీళ్లు
ప్రశ్న బాగుంది, కానీ దానిని ‘మన్నన్’ను మాత్రమే అడగడం న్యాయం కాదు, ఎందుకంటే కథ తమిళులది కాదు. దీని మూలం 1986లో వచ్చిన కన్నడ చిత్రం ‘అనురాగ అరళితు’. హెచ్.జి. రాధాదేవి నవల ఆధారంగా ఎం.ఎస్. రాజశేఖర్ దానిని తీశారు. రాజ్‌కుమార్, మాధవి, గీత నటించారు. ఆ కథే 1992 సంక్రాంతికి తమిళంలో ‘మన్నన్’గా, అదే ఏడాది ఏప్రిల్‌లో తెలుగులో ‘ఘరానా మొగుడు’గా, 1994లో హిందీలో ‘లాడ్లా’గా వచ్చింది. నవలలో అయితే ఒక స్త్రీ మనసు మెల్లగా కరగడానికి రచయిత్రికి కావలసినన్ని పేజీలు ఉంటాయి. అదే కథ రజనీకాంత్ చేతికి వచ్చేసరికి ఆ పేజీలలో చాలా భాగం పోరాటాలకూ పాటలకూ హాస్యనటుడు గౌండమణికీ ఖర్చవుతుంది. మీ పిల్ల వెతుకుతున్న సీను ఆ ఖర్చులోనే పోయింది.

మాంబళం_మావయ్య
గౌండమణికి ఖర్చయినదానిని వృథా అంటే నేను ఊరుకోను. ఆ సినిమా వచ్చినప్పుడు నేను చెన్నపట్నంలోనే ఉన్నాను. రజనీ, గౌండమణి ఇద్దరూ అబద్ధం చెప్పి సెలవు పెట్టి, కొత్త సినిమా టిక్కెట్టు కోసం వరుసలో జనం మీద పడి, చొక్కాలు చిరిగిపోయిన అవతారంలో బయటపడి, మొదటి టిక్కెట్లు దక్కించుకున్నందుకు బంగారు బహుమతి అందుకోబోయి, తీరా యజమానురాలి కంటబడే ఘట్టానికి హాలులో పక్కవాడి మాట వినపడలేదు. ఇప్పటికీ తమిళ టీవీ హాస్య చానెళ్లలో ఆ ముక్క తిరుగుతూనే ఉంటుంది. కుటుంబమంతా కలిసి నవ్వుకోవడానికి వెళ్లిన సినిమా అది. మనసు మారిన ఘట్టం కోసం టిక్కెట్టు కొన్నవారు ఎవరూ లేరు.

శారద_నెల్లూరు
మావయ్య గారూ, ఆ ఘట్టానికి మేమూ నవ్వాము. అయితే ఒక సంగతి గమనించండి. ఆ సినిమాలో నవ్వంతా రజనీకీ గౌండమణికీ మధ్యనే ఉంది. కృష్ణతో కలిసి శాంతిదేవి ఒక్కసారైనా నవ్వినట్టు నాకు గుర్తు లేదు. కలిసి నవ్వుకోని మనుషుల మధ్య ప్రేమ పుట్టిందంటే ఎలా నమ్మమంటారు?

కోడిపెట్ట_92
నేను చిరంజీవి గారి అభిమానిని కనుక ముందే చెప్పేస్తున్నాను, మన ‘ఘరానా మొగుడు’ ముందు ‘మన్నన్’ దిగదుడుపే. రాఘవేంద్రరావు గారు కథలోని కక్షను సరసంలోకి తిప్పారు. యజమానురాలు ఉమాదేవి ఎత్తు వేసిన ప్రతిసారీ ఆమె మొగుడు రాజు చిలిపిగా పైఎత్తు వేస్తాడు, నగ్మా ఉడుక్కుంటుంది, ప్రేక్షకుడు ఈలవేస్తాడు. అక్కడ మొగుడూ పెళ్లాల మధ్య ఏదో జరుగుతున్నట్టు అనిపిస్తుంది. తమిళంలో ఇద్దరూ కోర్టులో ఎదురెదురుగా నిలబడిన వకీళ్లలా ఉంటారు.

విజయవాడ_వెన్నెల
కోడిపెట్ట గారూ, ఆ చిత్రంలో మీరు పేరుగా పెట్టుకున్న పాటలోనే చిరంజీవి గారి పక్కన ఆడినది డిస్కో శాంతి, ఉమాదేవి కాదు. జనం గుర్తు పెట్టుకున్న సరసం కూడా భార్యతో కాలేదన్నమాట.

కోడిపెట్ట_92
కీరవాణి గారి బాణీని గుర్తు పెట్టుకున్నారు, అది చాలదా?

తిరుప్పూర్_అల్లిక
మాది అనంతపురం వైపు. పెళ్లయినప్పటి నుంచి తిరుప్పూరులోనే ఉంటున్నాము. నేను చిన్న బనియన్ కంపెనీ నడుపుతాను. శాంతిదేవిని ఇక్కడ అందరూ పొగరుబోతు కింద జమకడుతున్నారు కాబట్టి ఆ కుర్చీలో కూర్చున్నదానిగా నాకు ఒక మాట చెప్పాలని ఉంది.

దీపావళి దగ్గర పడుతుందనగా మా దగ్గర ఒక మధ్యాహ్నం బట్ట అంచులు కుట్టే ఓవర్‌లాక్ మిషన్లు వరుసగా ఆగిపోతాయి. ఏడాది పొడవునా చెవులు దిబ్బళ్లు వేయించే ఆ చప్పుడు ఆగగానే కటింగ్ టేబుల్ దగ్గరున్న పిల్లలు సైతం తలెత్తి చూస్తారు. అందరిలోకి పాతవాడైన టైలర్ ఒకాయన నాలుగు మడతలు పెట్టిన కాగితం తెచ్చి నా బల్ల మీద పెట్టి, “అమ్మా, మీరే చూసి చెప్పండి” అని చేతులు కట్టుకుని నిలబడతాడు. ఆ కాగితంలో బోనస్ ఎంత కావాలో రాసి ఉంటుంది. నేను ఎగుమతి చేసేవారి దగ్గర రావలసిన బాకీలు చెబుతాను, ఆయన నూలు ధర తగ్గిన సంగతి నాకే గుర్తు చేస్తాడు. రెండు మూడు టీలు తాగాక ఒక అంకె దగ్గర ఆగుతాము. ఇందులో పొగరూ లేదు, పగా లేదు.

సినిమాలో మాత్రం ఈ బేరం మొత్తాన్ని ఆడదాని అహంకారంగా చూపించారు. యజమాని మగవాడైతే అదే మొండితనాన్ని వ్యాపార దక్షత అని ఉండేవారు. అందుకని శాంతిదేవి ఎక్కడ ప్రేమలో పడిందన్న ప్రశ్న కంటే, ఆమె ఓడిపోయిన చోటునే ప్రేమ అని ఎందుకు పిలిచారన్నది నాకు పెద్ద ప్రశ్న. ముగింపులో ఆమె కంపెనీ పక్కన పెట్టి ఇల్లాలిగా స్థిరపడుతుంది. భర్తను ప్రేమించినది నిజమే అయితే కుర్చీలో కూర్చునే ప్రేమించవచ్చు కదా!

విజయవాడ_వెన్నెల
ఈ చర్చలో ఇప్పటివరకు వచ్చిన వాటిలో ఇదే అసలైన జవాబు. నేను ఇంకొంచెం ముందుకు వెళ్లి, ‘మన్నన్’లో ప్రేమకథ ఉన్నది ఖుష్బూ పాత్రకు మాత్రమే అంటాను. ఆమె కృష్ణను మొదటి నుంచీ ఇష్టపడుతుంది, ఏ ఎత్తూ వేయదు, అతనికి వేరొకరితో పెళ్లి జరిగితే పక్కకు తప్పుకుంటుంది. కక్ష కట్టినదానికి మొగుడు దక్కాడు, ప్రేమించినదానికి పని మిగిలింది.

బోనస్_బాబు
నేను అంబత్తూరులో ఒక కంపెనీలో పనిచేసి రిటైరయ్యాను, కార్మిక సంఘంలోనూ తిరిగాను. తిరుప్పూర్ అమ్మగారు నిజాయితీగా రాశారు, కాదనను. అయితే బోనస్ అనేది టీ తాగుతూ తేల్చుకునే దయాధర్మం కాదు. చట్టం వర్తించే చోట కనీసం 8.33 శాతం ఇచ్చి తీరాలి, గరిష్ఠంగా 20 శాతం దాకా ఇవ్వవచ్చు. బేరమంతా ఆ రెండు అంకెల మధ్యనే. ‘మన్నన్’ చూసి మా కంపెనీవాళ్లు వేసిన ఈలలు మొగుడు పెళ్లాన్ని లొంగదీసినందుకు కాదు, కూలివాడు యజమాని ముందు తలవంచనందుకు. అమ్మగారికి ఆడదాని ఓటమి కనిపించిన చోట మాకు కార్మికుడి గెలుపు కనిపించింది. ఒకే సీనులో రెండూ ఉన్నాయి, అందుకే ఆ చిత్రం అంత ఆడింది.

మరి ఈ కథలో నాకు నమ్మకం కుదరనిది వేరొకటి ఉంది. మా సంఘం నాయకుడొకాయన తన కూతురిని మేనేజరు గారి అబ్బాయికి ఇచ్చి చేశాడు. పిల్లలిద్దరూ ఇష్టపడి చేసుకున్న పెళ్లి, అందులో ఏ వంచనా లేదు. అయినా ఆ తరువాత ఆయన ఏ చర్చలకు వెళ్లివచ్చినా, ఒప్పందం ఎంత బాగున్నా, క్యాంటీనులో జనం “వియ్యంకులు ఏం మాట్లాడుకున్నారో!” అనేవారు. పాపం, మరుసటి ఎన్నికలో ఆయన నిలబడలేదు. అటువంటిది యజమానురాలినే కట్టుకున్న కృష్ణను కార్మికులు చివరిదాకా అనుమానించకుండా వెనక నడిచారంటే నేను ఒప్పుకోను. శాంతిదేవి ఎత్తు నిజానికి చాలా తెలివైనది. సినిమా కాబట్టి పారలేదు.

నిద్రపట్టనివాడు
అంటే ఇకపై యాజమాన్యాలు చర్చలకు న్యాయవాదులను కాకుండా పెళ్లిళ్ల పేరయ్యలను పంపితే సరిపోతుందన్నమాట.

రాజా_పక్షం
అందరూ కర్మాగారం చుట్టూనే తిరుగుతున్నారు. శారద గారు అడిగిన మలుపు కర్మాగారంలో లేదు, తల్లి మంచం దగ్గర ఉంది. కృష్ణ బొంబాయి వదిలి వచ్చింది కదలలేని తల్లి కోసం. వాలి రాయగా ఇళయరాజా స్వరపరచిన ‘అమ్మా ఎండ్రళైక్కాద’ పాటను ఏసుదాసు పాడుతుంటే, అతను తల్లిని పసిపిల్లలా చేతుల మీద ఎత్తుకుని గుడికి తీసుకువెళతాడు. ప్రేక్షకుడు కృష్ణను ప్రేమించడం మొదలుపెట్టేది అక్కడే. శాంతిదేవి తరఫున కూడా ఆ పని మనచేత ముందుగానే చేయించేశారు కనుక, తరువాత ఆమె మారినప్పుడు కారణం అడగాలని మనకు తోచదు. మీ అక్క కూతురికి తోచిందంటే ఆ పాట వచ్చినప్పుడే ఫోను చూసుకుంటూ ఉండాలి.

ఆ తల్లిగా నటించినది పండరీబాయి. 1952లో శివాజీ గణేశన్ మొదటి చిత్రంలో కథానాయిక ఆవిడే, 1954లో రాజ్‌కుమార్ తొలిసారి కథానాయకుడైనప్పుడు ఆయన సరసన నటించినదీ ఆవిడే. ‘మన్నన్’ తీసినది శివాజీ ప్రొడక్షన్స్. ఎవరి పక్కన నాయికగా నటించిందో ఆ ఇంటి చిత్రంలోనే నలభై ఏళ్లకు రజనీకి తల్లి అయింది. తల్లి పాత్ర ఆ చిత్రంలో అంత బరువుగా నిలబడడానికి ఆ ముఖం కూడా ఒక కారణం.

శారద_నెల్లూరు
పాట వచ్చినప్పుడు మా పిల్ల ఫోను పక్కన పెట్టి కళ్లు తుడుచుకుంది. అయినా అడిగింది. ప్రేక్షకురాలు కరగడం వేరు, శాంతిదేవి కరగడం వేరు. కథలో ఆమె కరగాలి కదా?

పాతరీళ్లు
శారద గారి పట్టు సరైనదే. మనసు మారడాన్ని కుటుంబ హాస్యచిత్రంలో చూపించడం కుదరదనుకుంటే 1962 నాటి ‘గుండమ్మ కథ’ ఉంది. అక్కడ కూడా పెళ్లి ఒక పాఠం చెప్పడానికి వేసిన ఎత్తే. అయితే చక్రపాణి గారు సరోజను ఆ ఇంటినుంచి బయటకు తెచ్చి, రాజా పక్కన కూలిపనిలో నిలబెట్టారు. జమున ముఖంలో మొదట చిరాకు, తరువాత అలసట, ఆ తరువాత భర్త మీద ఆధారపడడం, చివరికి అతని కోసం తాపత్రయపడడం వరుసగా కనిపిస్తాయి. మార్పు మన కళ్లముందే జరుగుతుంది. ‘మన్నన్’లో శాంతిదేవి ఓడిన తరువాత మారుతుంది, సరోజ మారుతూ ఓడుతుంది.

మాంబళం_మావయ్య
జమునకు ఎదురుగా ఉన్నది నాగేశ్వరరావు. విజయశాంతికి ఎదురుగా ఉన్నది రజనీకాంత్. ఆయన తెరమీద ఉండగా ఇంకొకరి ముఖంలో మార్పు చూడాలని ఎవరికి గుర్తుంటుంది! పైగా అందులో ఒక పాట స్వయంగా పాడారు కూడా. ‘అడిక్కుదు కుళిరు’ అని ఎస్. జానకి గారితో పాడిన యుగళగీతం. సినిమాకు పాడడం ఆయనకు అదే మొదలు. ఆ గొంతు విని హాలులో జనం పులకరించిపోయారు. జానకి గారు ఏమనుకున్నారో మనకు తెలియదు.

రాజా_పక్షం
మావయ్య గారూ, అది పాడడం కాదు, జానకి గారు పాడుతుండగా ఆయన పక్కన హాజరు కావడం. అయినా ఆ పాట ప్రస్తావన తెచ్చినందుకు సంతోషం. కక్షతో పెళ్లాడిన ఇద్దరికి చలి పాట పెట్టడంలోనే దర్శకుడి ఇబ్బంది తెలుస్తోంది. సన్నివేశంలో చూపలేని దగ్గరితనాన్ని పాటలో పెట్టి సర్దుకున్నారు.

కుప్పం_సరిహద్దు
మాది మూడు రాష్ట్రాలు కలిసే చోటు కనుక ఈ కథను మూడు భాషలలోనూ చూసే యోగం పట్టింది. కన్నడం చూడనివారు ఒకసారి చూడాలి. ‘అనురాగ అరళితు’ వచ్చేనాటికి రాజ్‌కుమార్‌కు 57 ఏళ్లు. ఆ వయసులో భార్యతో పంతానికి పోవడం కంటే ఓర్చుకోవడం ఆయన ముఖానికి బాగా నప్పింది. మాధవి ఎంత నిప్పులు చెరిగినా ఎదురుగా ఉన్న మనిషి మండడు. ఆమె కోపం కొంతసేపటికి తనకే ఎబ్బెట్టుగా అనిపిస్తుంది. నాకైతే ప్రేమ అక్కడ మొదలైనట్టు తోచింది. రజనీ, చిరంజీవి ఇద్దరూ అప్పటికి నలభై ప్రాంతంలో ఉన్నారు, జనం వారి దగ్గర ఆశించినది ఓర్పు కాదు. కథ ఒకటే అయినా నాయకుడి వయసు మారేసరికి అది సహనం నుంచి సవాలుకు జరిగిపోయింది.

ఇంకొక వింత కూడా చెప్పాలి. కన్నడంలో మాధవి, తమిళంలో విజయశాంతి, హిందీలో శ్రీదేవి, ముగ్గురూ తెలుగు తెర మీద వెలిగినవారే. తీరా మన తెలుగుకు వచ్చేసరికి యజమానురాలిని బొంబాయి నుంచి తెచ్చుకున్నాము.

విజయవాడ_వెన్నెల
విజయశాంతి గారి సంగతి వచ్చింది కనుక ఒక మాట. 1989లో ‘అత్తకు యముడు అమ్మాయికి మొగుడు’లో పొగరుబోతు అత్త వాణిశ్రీ, మధ్యలో నలిగే కూతురు విజయశాంతి. ఆ మరుసటి ఏడాదే ‘కర్తవ్యం’లో పోలీసు అధికారిణిగా జాతీయ అవార్డు తెచ్చుకున్నారు, అది తమిళంలోకి అనువాదమై అక్కడా బాగా ఆడింది. ‘మన్నన్’ చూడడానికి వచ్చిన తమిళ ప్రేక్షకుడి కంటిలో అప్పటికే ఆ లాఠీ ఉంది. అందువల్ల ఆమె ఎదురుగా నిలబడితే రజనీకి సమఉజ్జీ దొరికినట్టయింది. అంతటి మనిషిని ఆఖరి రీలులో వంటింటికి పంపారనే నా బాధ.

కోడిపెట్ట_92
వంటింటికి పంపడాన్ని మీరు శిక్షగా చూస్తున్నారు. మా అమ్మ ఆ ముగింపు చూసి, “ఇప్పటికి దానికి ఒక ఇల్లు దొరికింది” అంది. కుటుంబ చిత్రమంటే అమ్మలకు నచ్చాలి కదా.

తిరుప్పూర్_అల్లిక
మీ అమ్మగారి మాటను గౌరవిస్తాను. అయితే శాంతిదేవికి ఇల్లు ముందు నుంచీ ఉంది. తండ్రి పాత్రలో విసు గారు ఆ ఇంట్లోనే ఉన్నారు. ఆమెకు లేనిది ఆమె మాట వినే మనిషి. కృష్ణ తల్లి మాట వింటాడు, కార్మికుల మాట వింటాడు, గౌండమణి సలహాలు కూడా వింటాడు. భార్యను కూర్చోబెట్టి, “నీకు అంత కోపం ఎందుకు?” అని అడగడు. అడిగి ఉంటే శారద గారి అక్క కూతురికి కావలసిన సీను అదే అయ్యేది.

శారద_నెల్లూరు
ఈ మాట మా పిల్లకు చదివి వినిపించాను. “ఆ సీను రాయడానికి అయిదు నిమిషాలు పట్టదు, ఎందుకు రాయలేదు?” అంది. నా అనుమానం ఏమిటంటే, అడిగితే ఆవిడ జవాబు చెబుతుంది, ఆ జవాబులో కొంత న్యాయం ఉంటుంది, అప్పుడు ఆఖరి రీలు మార్చవలసి వస్తుంది.

పాతరీళ్లు
నా అనుమానమూ అదే. ఇప్పుడు ఎవరైనా దీనిని మళ్లీ తీస్తే ఆ అయిదు నిమిషాలు తప్పవు.

మాంబళం_మావయ్య
తీయండి, కాదనను. గౌండమణి ముక్క మీద మాత్రం చేయి వేయకండి.

బోనస్_బాబు
తిరుప్పూర్ అమ్మగారిని ఒకటి అడగడం మరిచాను. కృష్ణలాంటివాడు మీ దగ్గర పనికి వస్తే తీసుకుంటారా?

తిరుప్పూర్_అల్లిక
ఓవర్‌లాక్ వచ్చినవాడైతే ఈ సోమవారమే రమ్మంటాను, ఆర్డర్లు పేరుకుపోయి ఉన్నాయి. సంఘం పెట్టుకున్నా అభ్యంతరం లేదు. పెళ్లి ప్రస్తావన మాత్రం తేవద్దని చెప్పండి, మా ఆయన కటింగ్ సెక్షన్‌లోనే ఉంటారు.

నిద్రపట్టనివాడు
మీరు ఈసారి ఎంత శాతం ఇస్తున్నారో కూడా చెప్పేస్తే బాగుంటుంది.

తిరుప్పూర్_అల్లిక
అది దీపావళి దాకా చెప్పేది లేదు. మా టైలర్లలో తెలుగు చదవగలవారు ఉన్నారు.